కారని మిద్దె

నేను సినిమాలకు ఇళ్లు కడతాను. కట్టిన ఇంటిని నెల తిరక్కుండా నేనే పడగొట్టిస్తాను. కళాదర్శకత్వం అంటే ఏమిటో మా అమ్మకు ఇప్పటికీ పట్టదు. ఎవరైనా అడిగితే "ఉత్తుత్తి ఇండ్లు కడతాది మా పాప" అంటుంది. నన్నడిగినా ఇంతకన్నా సరిగ్గా చెప్పలేను.

ఇరవై ఏళ్ల కిందట హైదరాబాదులో ఒక పెద్ద కళాదర్శకుడి దగ్గర చేరినప్పుడు నాకు ముందుగా అప్పజెప్పిన పని కొత్త గోడను పాత గోడగా మార్చడం. ప్లైవుడ్ పలకల మీద ప్లాస్టర్ పూసి, అది ఆరాక చిక్కటి టీ డికాషన్, బొగ్గు పొడి, కాస్త ఎర్రమట్టి స్పాంజితో అద్దాలి. సాయంత్రానికి ఆ గోడకు యాభై ఏళ్లు నిండాలి. నాకు ముక్కు మీద కోపం. ఆ కోపం తోటివాళ్ల మీద చూపించి, ఉన్న ఓపికంతా గోడల మీద పెట్టేదాన్ని. వాన నీళ్లు కారిన మరకలు వేయాలంటే మాత్రం ఎవరైనా నన్నే పిలిచేవారు. "అనంతపురం దానివి, వాన ముఖం ఎప్పుడు చూశావని ఇంత బాగా వేస్తావు?" అని ఆటపట్టించేవారు. అరుదుగా చూశాను కాబట్టే బాగా చూశాను. మా గుమ్మఘట్ట వైపు ఊళ్లలో వాన పడితే పనులు వదిలేసి నిలబడి చూస్తాం. ఏ గోడ మీద ఎటు నుంచి ఎటు కారిందో మళ్లీ వాన వచ్చేదాకా గుర్తుంటుంది.

ఇది నేను సొంతంగా చేసిన మొదటి సినిమా సంగతి. సినిమా కన్నా కూడా, దాని కోసం ఒక ముసలాయన వేసిన పైకప్పు సంగతి.

ముందు మా మిద్దెల గురించి చెప్పాలి. ఇప్పుడు అన్నీ సిమెంటు స్లాబులే గానీ నా చిన్నప్పుడు మా ఊళ్లో అందరివీ మట్టి మిద్దెలు. రాతి గోడల మీద దూలం, దూలం మీద అడ్డంగా దంతెలనే సన్న కర్రలు, వాటి మీద కట్టె పేళ్లు, ఆకు, దాని మీద తొక్కిన మట్టి, అన్నిటికన్నా పైన జానెడు మందాన చవుడు. చవుడంటే చేనుకు పనికిరాని ఉప్పునేల మట్టి. పైరుకు శత్రువైన ఆ మట్టే వాన తగిలితే బిగుసుకుని నీటిని కిందికి రానివ్వదు. పైకప్పులో ఒక చోట మూరెడు రంధ్రం వదులుతారు. దాన్ని గవాచి అంటాం, వానొస్తే దాని మీదికి బండ జరుపుతాం. అందులోంచి పడే ఎండ పొద్దున గోడ మీద, మధ్యాహ్నం నేల మీద, సాయంత్రం ఎదురు గోడ మీద ఉంటుంది. బడికి పోవాల్సిన వేళ ఆ వెలుగు చూసే మా అమ్మ చెప్పేది. సినిమా లైటింగు గురించి నాకు ఎవరూ ఏమీ నేర్పాల్సిన పని లేకపోవడానికి ఆ గవాచే కారణం.

మా మిద్దె వేసింది ఒక దూదేకుల మేస్త్రీ. చుట్టూ పది ఊళ్లలో మిద్దె వేయాలంటే ఆయనే. మేమంతా మిద్దెల తాత అనేవాళ్లం. ఆయనకొక పద్ధతి ఉండేది. మిద్దె పూర్తయిన రోజు స్నానం చేసి, ఉతికిన తెల్లచొక్కా వేసుకుని, కొత్త పైకప్పు కింద చాప పరుచుకుని కూర్చునేవాడు. ఇంటివాళ్లు పైన బిందెలతో నీళ్లు పోయాలి. చొక్కా మీద ఒక్క చుక్క పడకపోతేనే ఆయన ఆ ఇంట్లో అన్నం తినేది. మా ఊళ్లో బిందెలతో పైకప్పు మీద పోసేంత నీళ్లు అందరికీ ఎక్కడివి? అలాంటి ఇళ్లకు ఆయన మొదటి వాన రోజున వచ్చేవాడు. తడుస్తూ రోడ్డమ్మటి నడిచి వచ్చి, వాకిట్లో చొక్కా పిండుకుని, సంచిలోంచి పొడిచొక్కా తీసి తొడుక్కుని, లోపల కూర్చుని పైకి చూసేవాడు. వాన ఎంతసేపుంటే అంతసేపు. మా ఇంటి విషయంలో ఆయన రెండేళ్లు ఆగాల్సి వచ్చింది. రెండేళ్ల తర్వాత ఒక మధ్యాహ్నం జోరువానలో తలుపు తోసుకుని వచ్చి కూర్చున్నాడు. నాకప్పుడు ఏడేళ్లు. "బరాబరు ఉండాదా?" అని మా నాయన అడిగితే, "ఇప్పుడు పెట్టు అన్నం" అన్నాడు. రెండేళ్ల కిందట వడ్డించాల్సిన అన్నం ఆరోజు వడ్డించింది మా అమ్మ.

ఇక సినిమా. భర్త పోయాక ఒంటరిగా చేను చేసుకునే ఒక ఆడమనిషి కథ అది. ఏళ్ల తరబడి వాన కోసం చూస్తుంది. చివరికి వాన వస్తుంది. వచ్చిన వాన ఇంటి నిండా కారుతుంది. ఆమె ఇంట్లో ఉన్న గిన్నెలన్నీ ఒక్కొక్కటే కారేచోట పెడుతూ పెడుతూ నవ్వడం మొదలుపెడుతుంది. సినిమా మొత్తం ఆ నవ్వు కోసమే నడుస్తుంది. దర్శకుడు గోదావరి వైపు కుర్రాడు, నెమ్మదస్తుడు. హైదరాబాదులో సెట్ వేద్దామన్నాడు. నేను ఒప్పుకోలేదు. కెమెరా పైకెత్తి పైకప్పు చూపించాలంటే ప్లైవుడ్ దంతెలు పట్టించేస్తాయని వాదించాను. "మా వైపు నిజం మిద్దె కట్టిస్తాను" అన్నాను.

"కారుతుంది కదండీ?" అన్నాడు.

"కారుతుంది. పూచీ నాది" అన్నాను. అంత గట్టిగా చెప్పకపోతే ఆ సినిమా నాకు వచ్చేది కాదు. పెద్ద పేరున్న మరొకాయన అప్పటికే వరసలో ఉన్నాడు.

మట్టి మిద్దె వేయడం తెలిసినవాళ్లు ఎవరున్నారని వెతికితే, ఉన్నది ఒక్కడే, మా మిద్దెల తాత. కణేకల్‌లో కూతురి ఇంట్లో ఉంటున్నాడు. నేను వెళ్లేసరికి వరండాలో కూర్చుని మనవరాలికి పలక మీద గీతలు గీసి ఇస్తున్నాడు. ఎనభైకి దగ్గర పడ్డాడు. నన్ను గుర్తుపట్టలేదు గానీ, మా నాయన పేరు చెప్పగానే మా ఇంటిని గుర్తుపట్టాడు. "తూరుపు వాకిలి, దూలం వంకర ఉండె, ఆ ఇల్లా?" అన్నాడు. నేను ఆ ఇంటి పాపనన్నాక నా తల మీద చెయ్యి పెట్టాడు.

"మిద్దె వేయాలి తాతా."

ఆయన నమ్మలేదు. "ఎవురికి పాపా? అందురూ స్లాబులు ఏసుకున్యారు. నన్ను మిద్దెకని పిల్చి పన్నెండేండ్లు అయితాంది."

సినిమాకని చెప్పాను. సరేనన్నాడు. లేచి లోపలికి పోయి తన పనిముట్లు తెచ్చాడు. చవుడు చదును చేసే చెక్క, నీటి వాలు చూసే బద్ద. నూనెగుడ్డలో చుట్టి దాచుకున్నాడు. గుడ్డ విప్పి, చెక్క అంచును రెండు చేతులతో నిమిరి, బద్దను వెలుగుకు పెట్టి చూసుకున్నాడు. ఎంత సంతోషపడుతున్నాడో నాకు తెలుస్తూనే ఉంది. ఆ చేతులు చూస్తూ, "తాతా, నాకు కావాల్సింది కారే మిద్దె" అని చెప్పాలి. అది చెప్పకుండా కూలి మాట్లాడుకుని వచ్చేశాను. మిద్దె అయిపోయాక ఆయన్ని కణేకల్ పంపించేసి, మావాళ్లతో గుట్టుగా రంధ్రాలు వేయించుకుందామనుకున్నాను. నా జీవితంలో పిరికితనాన్ని దయ అనుకున్న సందర్భాలు చాలా ఉన్నాయి గానీ ఇది వాటన్నిటిలోకి పెద్దది.

గుమ్మఘట్టకు కాస్త దూరంలో, మా ఊరికి పక్క ఊళ్లో, కూలిపోయిన ఒక రాతి ఇంటి మొండిగోడలు దొరికాయి. వాటి మీద మిద్దె లేపాం. ఆ ఇరవై రోజులు నేను మళ్లీ శిష్యురాలినయ్యాను. పాత ఇళ్లు పడగొట్టినచోట దూలాలు వెతికి తెచ్చాం. తాత ఒక్కొక్క దంతెనూ చెవి దగ్గర పెట్టుకుని వేళ్లతో తట్టి, పనికిరానిది పక్కన పడేసేవాడు. చవుడు కోసం నాలుగు చోట్ల మట్టి తెప్పిస్తే నాలుక మీద పెట్టుకుని చూసి మూడింటిని వద్దన్నాడు. నా వడ్రంగులు సినిమాలకు రాజభవనాలు కట్టిన మొనగాళ్లు. మొదటిరోజు ముసలాయన్ని చూసి నవ్వుకున్నారు. మూడోరోజుకు ఆయన కూర్చుంటే తప్ప కూర్చోవడం మానేశారు.

ఒకరోజు నేను నిచ్చెన మీద నిలబడి చూస్తూ, "వెనకవైపు అంత పని వద్దులే తాతా, కెమెరాకు ఆ పక్క కనబడదు" అన్నాను.

"వానకు కనబడతాది గదా పాపా" అన్నాడు, పని ఆపకుండానే.

అప్పటిదాకా నేను కట్టిన ఇళ్లకు వెనకవైపు ఉండేది కర్రల ఆసరా, మేకులు, ఇసుక బస్తాలు. ముందు నుంచి కోట, వెనక నుంచి చూస్తే కట్టెల అడితి. నేను నిచ్చెన దిగాను.

మిద్దె అయిపోయింది. ఆ పైకప్పు కింద మొదటిసారి నిలబడి తలెత్తి చూశాను. గవాచిలోంచి పడిన ఎండ సరిగ్గా పొయ్యి పక్కన నేల మీద పడింది. బయట ఎండ నిప్పులు చెరుగుతోంది, లోపల చల్లగా ఉంది. నాలుగు గోడల మధ్య నా ఏడేళ్ల వయసు వచ్చి నిలబడినట్టుంది. దర్శకుడు లోపలికొచ్చి చెప్పులు విడిచాడు. ఎందుకు విడిచాడో అతనికే తెలియలేదు.

"ఇంక మీరు కణేకల్ పోయి విశ్రాంతి తీసుకోండి తాతా, కారు పంపిస్తా" అన్నాను.

"వాన పడల్ల గదా. కూచోవల్ల గదా నేను" అన్నాడు.

"ఇప్పుడు వాన ఎక్కడిది?"

"గొట్టాల వాన తెప్పిస్తాండారంట గదా శనివారం. ఊర్లో అందురూ అనుకుంటాండారు. ఏ వానైతే ఏముంది పాపా, నీళ్లు నీళ్లే" అన్నాడు. ఆ పద్ధతి సంగతి నాకు తెలుసు. తెలిసీ ఎలా మరిచిపోయానో ఇప్పటికీ అర్థం కాదు. అప్పుడైనా నిజం చెప్పొచ్చు. చెప్పలేదు.

శుక్రవారం ఆయన నమాజుకని రాయదుర్గం పోయాడు. ఆ రెండు గంటల్లో నా మనుషులు పైకప్పుకు పదకొండు సన్న రంధ్రాలు వేసి, ఆస్పత్రుల్లో సెలైన్ ఎక్కించే గొట్టాలు దూర్చి, కనబడకుండా పైన పొడి చవుడు పలచగా చల్లారు. ఏ చుక్క ఏ గిన్నెలో పడాలో ముందే లెక్క. అలా చేయడమే మా పద్ధతి. ఆ రంధ్రాలు వేస్తున్నంతసేపూ నేను లోపలికి పోలేదు. బయట చింతకాయలమ్మే ఆమెతో అవసరం లేకుండా బేరమాడుతూ నిలబడ్డాను.

శనివారం. వాన కోసం కాలువ ఉన్న కణేకల్ వైపు నుంచి రెండు ట్యాంకర్ల నీళ్లు తెప్పించాం. మూడోది దొరకదు. కథానాయిక పాత్ర వేస్తున్నామె సాయంత్రానికి వెళ్లిపోతుంది, మళ్లీ రాదు. అంటే రెండే అవకాశాలు. ఇనుప గొట్టాల చట్రాలు ఇంటి మీదికి ఎత్తారు. ఊరు ఊరంతా వచ్చి నిలబడింది.

తాత తెల్లచొక్కా వేసుకుని వచ్చాడు. కెమెరాకు తగలని మూలలో చాప పరుచుకుని కూర్చున్నాడు. దర్శకుడు అడ్డు చెప్పలేదు. నేను తాత వైపు చూడకుండా మానిటర్ వెనక్కి పోయాను. ఆ మూలకు రంధ్రం లేదు, చొక్కా తడవదు. కానీ కళ్లముందే పదకొండు చోట్ల కారుతుంటే ఆయన మొహం ఎలా మారుతుందో నేను చూడదలుచుకోలేదు.

నీళ్లు వదిలారు. ఎర్రటి ఎండలో వాన మొదలైంది. ఆ శబ్దానికి జనం ఒక అడుగు ముందుకు జరిగారు. అది గొట్టంలోంచి వస్తోందని అందరికీ తెలుసు. చట్రం కళ్లముందే ఉంది. అయినా ఒక ముసలమ్మ రెండు చేతులూ చాపి నిలబడింది. తడిసిన మట్టి వాసన లేచింది. అది మాత్రం అబద్ధపు వాసన కాదు. నా ఉద్యోగం, నా పూచీ అన్నీ ఒక క్షణం మరిచిపోయి నేను కూడా నోరు తెరుచుకుని చూశాను.

లోపల కెమెరా తిరుగుతోంది. నటి గిన్నె పట్టుకుని నిలబడింది. పైకి చూసింది. అర నిమిషం. నిమిషం. ఒక్క చుక్క పడలేదు.

"మేడమ్, కారడం లేదేంటండీ?" అన్నాడు దర్శకుడు.

రెండో నిమిషం. పైన దబదబమని వాన, కింద పొడినేల. నటి గిన్నెతో అలాగే నిలబడింది. నీళ్లన్నీ పైకప్పు వాలుకు వెనకవైపు పోయి, మిద్దె అంచున పెట్టిన దోనెలోంచి లావుపాటి ధారగా బయటికి దూకుతున్నాయి. అది చూసి ఊరి ఆడవాళ్లు ఇళ్లకు పరుగెత్తి బిందెలు తెచ్చారు. కంపెనీ మేనేజరు వాళ్లను అదిలించబోయాడు. నా కోపానికి ఒక దారి దొరికింది. "వాళ్ల జోలికి పోయావంటే చూడు" అని అరిచాను. ట్యాంకరు ఖాళీ అయింది. వాన ఆగిపోయింది. దర్శకుడు "కట్" అనడం కూడా మరిచిపోయాడు.

మూలలోంచి తాత లేచాడు. మొహం వెలిగిపోతోంది. చొక్కా ముందుకు లాగి నాకు చూపించాడు. "సూసినావా పాపా? ఒక్క బొట్టు ల్యా!"

"గొట్టాలు..." అన్నాడు నా వడ్రంగి, పాలిపోయి.

"గొట్టాలా? అవి మీయేనా?" అన్నాడు తాత. నా దగ్గరికి వచ్చి గొంతు తగ్గించాడు. "లైట్లోళ్లు వైర్లకని మిద్దెను తూట్లు పొడిసిండారు పాపా. పొద్దున ఎక్కి సూస్తే కనపడె. అన్నీ పీకేసి చవుడు దట్టిచ్చి మూసినా. నీకు మాట వస్తాదని ఎవురికీ చెప్పల్యా."

నాకు మాట రాకూడదని ఆయన దాచాడు. ఆయన మనసు నొచ్చుకోకూడదని నేను దాచాను. మా ఇద్దరి మధ్యా ఒక ట్యాంకరు నీళ్లు, ఒక రోజు షూటింగు, నా సినిమా కొట్టుకుపోయాయి. ఇంక దాచడానికి చోటు లేదు. అందరి ముందూ చెప్పేశాను. మొగుడు పోయిన ఆమె ఇల్లంతా కారుతుంటే నవ్వే కథ ఇది, దీనికి కారే మిద్దె కావాలి తాతా, మొదటి నుంచీ కారే మిద్దే కావాలి, ఆ తూట్లు పొడిపించింది నేనే, మీ మొహం చూసి చెప్పలేకపోయాను అని. ఆయన మొహంలో వెలుగు ఆరిపోవడం నేను చూశాను. చొక్కా అంచు ఇంకా ఆయన చేతిలోనే ఉంది. దాన్ని నెమ్మదిగా వదిలేశాడు.

తిడతాడనుకున్నాను. తిట్టినా బాగుండేది.

"చెప్పింటే నేనే చేసిస్తాంటిని గదా" అన్నాడు. "మిద్దె యాడ కారతాదో నాకన్నా ఎవురికి తెలుసు?"

దర్శకుడి వైపు తిరిగాడు. "ఏమప్పా, ఈ యమ్మ మొగుడు సచ్చిపోయి ఎన్నేండ్లాయ?"

దర్శకుడు తడబడ్డాడు. "ఆరేళ్లండీ."

"అంటే ఆరేండ్లుగా మిద్దె మీదికి చవుడు ఎక్కల్యా. మొగుడు పోయినాక ఆడమనిషి మిద్దె ఎక్కితే ఊరు ఒప్పదు, కూలోన్ని పిల్సేకి ఆమెకు చేతగాదు. పొయ్యి యాడ పెట్టింది? ఈడనా? అట్లయితే ఈ దంతె పొగకు ఎండి పగిలింటాది. గవాచి మీద బండ జరిగింటాది, జరిపేవాళ్లు ల్యాక. ఆ మూల గోడ ఆనుకోని పిచికలు గూడు పెట్టింటాయి." వేలితో ఒక్కొక్క చోటే చూపిస్తున్నాడు. "ఇంగ నడింట్ల కారదు పాపా. మీ తూట్లన్నీ నడింట్ల పొడిసినారు. నీళ్లు పైన ఒకచోట దిగి, దూలం పట్టుకోని పోయి, ఇంగొకచోట పడతాయి. పడేచోటికీ దిగినచోటికీ నాలుగడుగులు తేడా ఉంటాది."

దర్శకుడు నోట్‌బుక్కు తీశాడు. ఈ ఇంట్లో ఎవరుంటారు, పొయ్యి ఎక్కడ, ఎవరు పోయాక ఏది చెడింది అని కొత్త కథ విన్న ప్రతిసారీ నేను అడిగే ప్రశ్నలే అవి. అడగడం నేర్చుకోవడానికి నాకు పదేళ్లు పట్టింది. సినిమా హాలుకు జీవితంలో నాలుగుసార్లు కూడా పోయి ఉండని మనిషి నిలువుకాళ్ల మీద అడిగేశాడు. కథలో ఆ ఆడమనిషి ఒంటరితనం గురించి నేను మూడు నెలలు ఆలోచించి గోడలకు రంగులు ఎంచాను. ఆయన దాన్ని పైకప్పులో చూశాడు. అలాంటి మనిషి పక్కన నిలబడి ఉన్నానన్న ఎరుకతో నాకు చేతులు జోడించాలనిపించింది. జోడించలేదు, నిచ్చెన పట్టుకున్నాను.

ఆయన తెల్లచొక్కా విప్పి మడిచి నా చేతికిచ్చి పైకెక్కాడు. వెంట నేనూ ఎక్కాను. గునపంతో కాదు, వేళ్లతోనే చవుడు తోడాడు. ఒక్కొక్క చోట తోడేముందు అరచేత్తో ఒకసారి నిమిరేవాడు. ఐదు చోట్ల చాలన్నాడు. ఐదోచోట ఆగిపోయాడు.

"ఇంతవరకూ ఏ మిద్దెనూ నా చేత్తో ఇప్పల్యా పాపా" అన్నాడు.

"వద్దులే తాతా, నాలుగు చాలు" అన్నాను.

"ల్యా, పొయ్యి కాడిదే ముఖ్యం. పొయ్యి ఆరిపోతే గదా ఆ యమ్మకు నగు వచ్చేది" అని తోడేశాడు.

రెండో ట్యాంకరు వదిలారు. మొదట ఏమీ లేదు. తర్వాత దూలం అడుగున ఒక తడి గీత కదలడం మొదలైంది. నెమ్మదిగా జరిగి, ఒక ముడి దగ్గర ఆగి, చుక్కగా లావెక్కి, పడింది. నటి దానికి ఎదురు చూడనేలేదు. ఆమె నిలబడినచోట కాకుండా వెనకెక్కడో పడింది. ఉలిక్కిపడి తిరిగింది. గిన్నె పెట్టింది. ఇంకోచోట పడింది. పరుగెత్తింది. గవాచి అంచు నుంచి, మూలగోడ వెంబడి, చివరికి పొయ్యిలోకి. పొయ్యి సుయ్‌మని ఆరిపోగానే ఆమె నిజంగానే నవ్వేసింది. కథలో రాసుకున్న నవ్వు కాదది. ఈ వృత్తిలో నేను చూసిన అన్నిటికన్నా గొప్ప దృశ్యం అది. అందులో నా చేయి పడినది గోడల రంగు మాత్రమే.

దర్శకుడు వచ్చి ముసలాయన కాళ్లకు మొక్కాడు. తాత అతని భుజం తట్టాడు గానీ ఆ సాయంత్రం అన్నం తినలేదు. ఎవరు పిలిచినా "ఆకలి ల్యాప్పా" అన్నాడు.

మర్నాడు పొద్దున ఇంటిని పడగొట్టాలి. స్థలం వాళ్లతో మా ఒప్పందం అలాంటిది. కూలీలను వెంటబెట్టుకుని వెళ్లేసరికి మిద్దె మీద తాత ఉన్నాడు. చవుడు తట్ట పక్కన పెట్టుకుని, చెక్కతో ఐదో తూటు చదును చేస్తున్నాడు. మిగతా నాలుగూ అప్పటికే మూసేశాడు.

"తాతా, ఇప్పుడు పడగొట్టేస్తాం కదా" అన్నాను, కింద నుంచి.

"పడగొట్టుకోండి పాపా, నేను వద్దంటినా? కారే మిద్దెను పడగొట్టినారని మాత్రం ఎవురూ అనగూడదు."

దిగి వచ్చాడు. సంచిలోంచి మడత పెట్టిన తెల్లచొక్కా తీసి తొడుక్కున్నాడు. లోపలికి పోయి చాప పరిచాడు. నీళ్లెక్కడివి అనుకుంటూ నిలబడ్డాను. ట్యాంకర్లు వెళ్లిపోయాయి. ఆ ఊళ్లో కొళాయి రెండు రోజులకోసారి. అప్పుడు ఎదురింటి ఆమె ఏమీ అడక్కుండా లోపలికి పోయి, నిన్న దోనె కింద పట్టుకున్న బిందె ఎత్తుకొచ్చింది. ఆమె వెనక ఇంకొకామె. వాళ్ల వెనక చేతులు చాపిన ఆ ముసలమ్మ, చిన్న చెంబుతో. ఒక్క గంటలో నేలమట్టం కాబోయే ఇంటి మీద పోయడానికి ఆ ఊరి ఆడవాళ్లు తాగే నీళ్లు మోసుకొచ్చారు. ఎందుకని ఒక్కరూ అడగలేదు. ఎందుకో వాళ్లందరికీ తెలుసు.

"ఇంటోల్లు కూడా కూచోవల్ల" అన్నాడు తాత, చాప మీద పక్కకు జరిగి. "ఈ ఇల్లు నీదే గదా."

నేను కూర్చున్నాను. కూలీలు గడ్డపారలు కిందపెట్టి వాకిట్లో నిలబడ్డారు. పైన నీళ్లు పోసిన చప్పుడు. పోసినచోటి నుంచి అవి మా తలల మీదుగా వాలు వెంట జారిపోవడం వినబడుతోంది. నేను పైకి చూస్తూనే ఉన్నాను. ఆయన మాత్రం పైకి చూడలేదు, నా మొహమే చూస్తున్నాడు. చప్పుడు ఆగింది. నా చీర మీద గానీ ఆయన చొక్కా మీద గానీ ఒక్క చుక్క పడలేదు.

"ఏమన్నా తినేకి ఉండాదా పాపా?" అన్నాడు.

కూలీల కోసం తెచ్చిన చిత్రాన్నం ఉంది. ఆకులో పెట్టి నా చేత్తో ఇచ్చాను. ఆ పైకప్పు కిందే కూర్చుని ఆకు ఖాళీ అయ్యేదాకా తిన్నాడు. చెయ్యి కడుక్కుని, చాప చుట్టి చంకలో పెట్టుకుని బయటికి వచ్చి, "ఇంగ కొట్టుకోండప్పా" అని కూలీలకు చెప్పాడు.